టైపమ్మ వదిలేసిన మజిలీలు

యూనివర్సిటీలోని ఆ విభాగంలో ఆమెను అందరూ టైపమ్మ అనేవారు. చేరిన కొత్తలో ఎవరో వేళాకోళానికి అన్న మాట అది. ముప్పై ఒక్క ఏళ్ళు గడిచేసరికి హాజరు పట్టీలో తప్ప అసలు పేరు ఇంకెక్కడా మిగల్లేదు. ఉద్యోగం నుంచి దిగిపోయిన రోజున ఇచ్చిన గోడ గడియారం మీద కూడా "మా టైపమ్మకు" అనే రాయించారు. ఆమెకు అందులో తప్పేమీ కనిపించలేదు. ఇంట్లో మొగుడు కూడా అలాగే పిలిచేవాడు మరి.

ఆమె చేసింది అందరూ చేసే టైపు పని కాదు. మానవశాస్త్ర విభాగంలో పై అంతస్తు చివరి గది ఆమెది. కిటికీకి అడ్డంగా బీరువా ఉండేది కాబట్టి పట్టపగలు కూడా లైటు వేసుకోవాల్సిందే. బల్ల మీద టైపు మిషను, పక్కన క్యాసెట్లు తిప్పే పెట్టె, బల్ల కింద కాలితో నొక్కే పెడల్. మునివేళ్ళతో నొక్కితే క్యాసెట్ తిరుగుతుంది, కాలు తీస్తే ఆగుతుంది, మడమతో నొక్కితే నాలుగు మాటలు వెనక్కి పోతుంది. చెవులకు హెడ్‌ఫోన్, చేతులు మీటల మీద, కాలు పెడల్ మీద. "కుట్టుమిషను తొక్కుతున్నావా టైపమ్మా?" అని గుమాస్తాలు ఆటపట్టిస్తే, "అవును నాయనా, నీ నోరు కూడా ఒకసారి పట్రా, కుట్టేస్తాను" అనేది.

క్యాసెట్లు తెచ్చేది పెద్దసారు. ఏడాదిలో నాలుగు నెలలు కొండల్లోనే ఉండేవాడు. అక్కడ జబ్బు చేసినవాళ్ళకీ, దిగులుతో మంచం పట్టినవాళ్ళకీ పూనకంలో పాడి నయం చేసే మనుషులుంటారు. వాళ్ళ మాటలు, వాళ్ళ నమ్మకాలు, ఆ ఊళ్ళ బతుకులు రాసుకోవడమే ఆయన పని. పైపైన చూసి వచ్చి పుస్తకం రాసేసే రకం కాదు. జలగలు పట్టిన కాళ్ళతో, జ్వరంతో, గడ్డం మాసిపోయి తిరిగొచ్చేవాడు. "మూఢనమ్మకం అని కొట్టిపారేసే ముందు, వాళ్ళు చెప్పేది పూర్తిగా వినండిరా" అని విద్యార్థులను కసిరేవాడు. ఆ "పూర్తిగా" అన్న మాటే తర్వాత టైపమ్మకు గొంతులో ముల్లయింది.

ఆమెకు ఆ ఉద్యోగం రావడమే ఒక చిత్రం. ఆమె తల్లి కొండ మనిషి, బస్తాలు వీపున మోసుకుని పట్నం దిగి, ఇక్కడే ఉండిపోయిన కూలి మనిషి. బడిలో ఆ సంగతి బయటపడకుండా ఆమె పడని పాట్లు లేవు. ఇంటర్వ్యూ రోజున పెద్దసారు ఒక క్యాసెట్ పెట్టి, "ఈ ముసలామె ఏమంటోందో ఎవరికైనా తెలుస్తుందా?" అని అడిగాడు. మిగతా ఆరుగురూ మొహమొహాలు చూసుకున్నారు. ఆమెకు దాచుకోవాలనే ఉంది, కానీ నవ్వు ఆగలేదు.

"మైకు నా మూతికి ఇంత దగ్గర పెట్టావు, తుంపర పడితే నన్ననకు అంటోంది సార్."

పెద్దసారు పగలబడి నవ్వాడు. ఉద్యోగం ఖాయమైంది. పుట్టి బుద్ధెరిగాక తల్లి భాష వల్ల ఆమెకు తలవంపులు కాకుండా ఇంకొకటి దక్కడం అదే మొదటిసారి.

ఆ ముసలామె రాళ్ళవ్వ. ఆమె వైద్యం అంతా ఒక పాట. భయం వల్లనో, దుఃఖం వల్లనో లోపలి మనిషి ఒళ్ళు వదిలి కొండల్లోకి వెళ్ళిపోతుందని అక్కడివాళ్ళ లెక్క. తినేది, తిరిగేది పై మనిషేనట, లోపల ఎవరూ ఉండరట. ఆ వెళ్ళిపోయిన మనిషిని చెయ్యి పట్టుకుని మజిలీ మజిలీగా ఇంటిదాకా నడిపించుకు రావడమే పాట. ఒక్కో మజిలీ దాటినప్పుడల్లా రాళ్ళవ్వ ఒక్కో గులకరాయి నేల మీద పెట్టేది.

"లేచి రా, చెప్పులు తొడుక్కో, పొగరాయి దాటావు, ఇంకొంచెమే దూరం. లేచి రా, చెప్పులు తొడుక్కో, కుంటి మలుపు దాటావు, ఇంకొంచెమే దూరం." ఇలా సాగుతుంది. చోటు పేరు మారుతుంది, మిగతాదంతా అదే.

మొదటి మూడు మజిలీలు టైపమ్మ అక్షరం పొల్లు పోకుండా కొట్టింది. అది చలికాలం, కూతురికి ఒంటి మీద స్వెట్టరు లేదు. పెద్దసారు వచ్చే వారానికి పేజీలు కావాలన్నాడు. "అచ్చంగా అదే వరస మళ్ళీ వస్తే తిరిగి కొట్టక్కర్లేదమ్మా, మళ్ళీ అదే అని పెట్టు చాలు" అని కూడా అన్నాడు. ఆయన అన్నది అచ్చంగా అదే వస్తే అని. ఆమె తీసుకున్నది దాదాపు అదే వస్తే అని. పేర్లే కదా మారుతున్నాయి, బండలూ ఊటలూ మలుపులూ! పట్నంలో పెరిగిన మనిషికి బండకూ బండకూ తేడా ఏమిటి? నాలుగో మజిలీ దగ్గర "మళ్ళీ అదే" అని కొట్టి, చేతులు మీటల మీంచి తీసి, సంచిలోంచి ఊలు తీసింది.

క్యాసెట్‌ను వేగంగా ముందుకు తిప్పితే ఆ పెట్టె టేపు నమిలేసేది. అందుకని పాట తర్వాత వచ్చే మాటలు కొట్టాలంటే, పాట అయ్యేదాకా పెడల్ మీద కాలు నొక్కి ఉంచక తప్పదు. చెవుల్లో రాళ్ళవ్వ పాడుతుంటే చేతుల్లో స్వెట్టరు పెరిగేది. ఆ పాట ఒక్కసారి కాదు, వేరువేరు రోగుల దగ్గర పాడినవి ఏడు క్యాసెట్లు వచ్చాయి. ఏడింటికీ ఆమె ఏడుసార్లు "మళ్ళీ అదే" అని కొట్టింది. కూతురికి స్వెట్టరు, మొగుడికి మఫ్లరు, తనకు మేజోళ్ళు తయారయ్యాయి. తర్వాత అట్టల మీద "పని అయిపోయింది" అని రాసి క్యాసెట్లు తిరిగిచ్చేసింది. విభాగంలో క్యాసెట్లకు ఎప్పుడూ కటకటే. అవే మళ్ళీ కొండలెక్కాయి. రాళ్ళవ్వ గొంతు మీద ఇంకెవరి గొంతో ఎక్కింది.

పుస్తకం అచ్చయింది, పేరొచ్చింది. పెద్దసారు ఆ టైపు పేజీలే ముందు పెట్టుకుని, "పాటలో ఎక్కువ భాగం పునరుక్తి" అని ఒక వాక్యం రాశాడు. ఒక్క వాక్యమే. దాన్ని పట్టుకుని ఇంకో దేశంలో ఇంకో పండితుడు నలభై పేజీలు రాశాడు. కొండవాళ్ళ దృష్టిలో కాలం ముందుకు పోదట, చక్రంలా అక్కడక్కడే తిరుగుతుందట, వాళ్ళ బుద్ధికి నడక లేదట! రోజుకు రెండు కొండలెక్కి దిగే మనుషుల గురించి కుర్చీలోంచి లేవని మనిషి తేల్చిన సంగతి ఇది. ఇంత సిద్ధాంతానికీ మూలం ఏమిటంటే, ఒక చలికాలం ఒక టైపిస్టు కూతురికి స్వెట్టరు కావాల్సి రావడం.

ఆ నలభై పేజీల సారాంశం టైపు చేసింది కూడా ఆమే. మధ్యలో చేతులు ఆగిపోయాయి. పెద్దసారుకు చెప్పేద్దామని గుమ్మం దాకా వెళ్ళింది. లోపల ఆయన ఎవరితోనో ఫోన్‌లో ఉత్సాహంగా మాట్లాడుతున్నాడు. రేపు చెప్దాం అనుకుని వెనక్కి వచ్చింది. ఆ రేపు పద్దెనిమిదేళ్ళయినా రాలేదు. ఆయన పోయాడు. ఆమె ఉద్యోగం అయిపోయింది. పాత పెట్టె, పెడల్, టైపు మిషను ఎవరికీ అక్కర్లేదంటే ఇంటికి తెచ్చుకుని అటక మీద పెట్టింది.

బస్సు డిపో వెనక వీధిలో వాళ్ళ ఇల్లు. మొగుడు డిపోలో మెకానిక్‌గా చేసి ఇంట్లో కూర్చున్న మనిషి. ఒక మధ్యాహ్నం తలుపు చప్పుడైతే ఆయనే తీశాడు.

"టైపమ్మా, నీకోసం ఎవరో అమ్మాయి. చేతిలో పుస్తకం ఉంది, నా కోసం మాత్రం కాదు."

వచ్చిన పిల్లకు ఇరవై రెండేళ్ళుంటాయి. నర్సింగ్ చదువుతోందట, చేతిలో లైబ్రరీ పుస్తకం. ముందు లైబ్రరీకి వెళితే అక్కడి పెద్దమనిషి, "సారు లేరమ్మా, టైపమ్మని అడుగు" అని ఇల్లు చెప్పాడట.

"పెద్దమ్మా, నేను రాళ్ళవ్వ మనవరాలిని. మా అవ్వ పాట మీ దగ్గర ఉందా?"

టైపమ్మ మంచినీళ్ళ గ్లాసు ఆ పిల్ల చేతికిచ్చింది. "పుస్తకంలో ఉంది కదమ్మా" అంది, అబద్ధమని తెలిసే.

పిల్ల పుస్తకం తెరిచి పేజీ మీద వేలు పెట్టింది. "మూడు మజిలీలున్నాయి. తర్వాత మళ్ళీ అదే, మళ్ళీ అదే, మళ్ళీ అదే. ఇదేంటి పెద్దమ్మా? మా అవ్వ ఎప్పుడూ మళ్ళీ అదే పాడలేదు. ముప్పై మూడు మజిలీలు. ముప్పై మూడు రాళ్ళు. లెక్కపెట్టుకుని వచ్చాను."

తర్వాత నెమ్మదిగా చెప్పింది. కిందటి వానలకు కొండచరియ విరిగింది. వానల వల్ల అని కాగితాల్లో రాశారు. నిజానికి పైన రోడ్డు కోసం మందుగుండు పెట్టి కొండకు కాలు నరికేశారు, అది కూలబడింది. ఇల్లూ పెరడూ అవ్వా ఒక్కసారే పోయాయి. తల్లిని తవ్వి తీశారు. ఒంటి మీద పెద్ద దెబ్బలేం లేవు. కానీ ఐదు నెలలుగా ఆమె నోరు విప్పలేదు.

"డాక్టర్‌కి చూపించావా?" అన్నాడు మొగుడు.

"నేనే కదా పెదనాన్నా మాత్రలు వేసేది. డాక్టరమ్మ మంచిది. నిద్ర పడుతోంది, రెండు ముద్దలు తింటోంది. మనిషి మాత్రం రాలేదు. మట్టిలో దొరికిన అవ్వ గులకరాళ్ళను అమ్మ రోజూ నేల మీద వరసగా పెడుతుంది, పెట్టి నా మొహంలోకి చూస్తుంది. పాడమని. నాకు రాదు. నన్ను చిన్నప్పుడే హాస్టల్లో వేశారు. సెలవులకి ఇంటికెళ్ళినప్పుడు నేర్చుకుందాంలే అనుకున్నా."

"ఊళ్ళో ఇంకెవరికీ రాదా?"

"ముక్కలు ముక్కలుగా వచ్చు. వరస ఎవరికీ రాదు. వరస తప్పితే మా అమ్మ ఒప్పుకోదు." పిల్ల కుర్చీలో ముందుకు జరిగింది. "క్యాసెట్లన్నా ఇవ్వండి పెద్దమ్మా, విని నేర్చుకుంటా."

అప్పుడు టైపమ్మ చెప్పేసింది. పెద్దసారుకు చెప్పలేనిది, మొగుడికి కూడా చెప్పనిది, ఊలుతో సహా, అట్ట మీద "పని అయిపోయింది" అని రాయడంతో సహా చెప్పింది. పిల్ల పుస్తకం మూసింది. చాలాసేపు అట్ట మీది బొమ్మనే చూసింది. కొండ బొమ్మ అది.

"మీ అమ్మగారిదీ కొండేనంటగా, లైబ్రరీలో చెప్పారు" అంది చివరికి. "మీరు కూడా అలా ఎలా కొట్టారు?"

పరాయివాడు చేస్తే తెలియక చేశాడనుకోవచ్చు. భాష తెలిసిన మనిషి చేసింది, అదీ తెలిసే, ఒక స్వెట్టరు కోసం.

ఆ పిల్లను వెళ్ళనివ్వలేదు టైపమ్మ. "రెండు రోజులుండు. నేను ఆ పాట ఏడుసార్లు విన్నాను. ఎక్కడో ఉండే ఉంటుంది" అంది తలమీద వేలు పెట్టుకుని. ఆ సాయంత్రమంతా కుర్చీలో కళ్ళు మూసుకు కూర్చుంది. నాలుగో మజిలీ తట్టలేదు, ఐదోదీ తట్టలేదు. చోద్యంగా మైకూ తుంపరా మాటే మళ్ళీ మళ్ళీ గుర్తొచ్చింది. తన మీద తనకే ఒళ్ళు మండి రెండుసార్లు లేచి వంటింట్లోకి పోయింది.

మర్నాడు పొద్దున మొగుడు అటకెక్కి ఆ పెట్టెనూ పెడల్‌నూ కిందికి దించాడు.

"ఇదెందుకండీ? అందులో వేసే క్యాసెట్టే లేదు."

"నేను ముప్పై ఏళ్ళు ఇంజన్లు విప్పాను. ఏ నట్టు ఏ సైజో ఇప్పుడడిగితే చెప్పలేను. పానా చేతికిస్తే చెయ్యే చెప్తుంది. కూర్చో, కాలు పెట్టు. ఆ ఊలు కూడా తీసుకో."

"నవ్వుతారు."

"నవ్వితే నవ్వనీ, నవ్వడానికి ఉన్నది నేనొక్కణ్ణేగా."

టైపమ్మ కూర్చుంది. ఉత్త పెడల్ మీద మునివేళ్ళు పెట్టి నొక్కింది. అల్లిక సూదులు చేతిలోకి తీసుకుని, దేనికన్నది చూసుకోకుండా ఒక వరస మొదలుపెట్టింది. పిల్ల ఎదురుగా కూర్చుంది. గుండీల డబ్బా బల్ల మీద బోర్లించి, రాళ్ళకు బదులు ముప్పై మూడు గుండీలు ఏరి పక్కన పెట్టుకుంది. తెలిసిన మూడు మజిలీలకు మూడు గుండీలు పెట్టి, సన్నగా పాట ఎత్తుకుంది. "లేచి రా, చెప్పులు తొడుక్కో, నక్కబొరియ దాటావు, ఇంకొంచెమే దూరం..."

సూదులు కదులుతున్నాయి. రెండో వరస అల్లిక పూర్తవుతుండగా, టైపమ్మ నోట్లోంచి, ఆమె అనుకోకుండానే, రాళ్ళవ్వ ఈల తీసే ఊపిరితో సహా, "అత్త కూర్చున్న బండ దాటావు" అని వచ్చింది.

పిల్ల కెవ్వుమంది. "ఉంది! ఉంది పెద్దమ్మా ఆ బండ! మా మేకలు అక్కడే పడుకునేవి!"

"నన్ను ఆపకే, ఆగితే పోతుంది."

కాలు తీయలేదు, సూదులు ఆపలేదు. గుర్తు తెచ్చుకుందామంటే పారిపోయిన పేర్లు చేతులు పనిలో పడితే తమంతట తామే వచ్చాయి. గాలిగుమ్మం. వెండ్రుక వంతెన. ఎలుగు నిద్రపోయిన చోటు. ముసలి జంట చెట్లు. ఎక్కడన్నా వరస తారుమారైతే పిల్ల పట్టేది. "అది ముందు రాదు, మలుపు తిరిగాక వస్తుంది. నేను నడిచాను." అప్పుడు టైపమ్మ మడమతో నొక్కి వెనక్కి వచ్చేది. నమ్మండి, నమ్మకపోండి, మడమ నొక్కితేనే ఆమెకు వెనకటి మజిలీ దొరికేది. ఒకరికి పేర్లు తెలుసు, చోట్లు తెలియవు. ఇంకొకరికి చోట్లు తెలుసు, పాట రాదు. మధ్యాహ్నం అన్నాలు మరిచిపోయారు. మొగుడే వండి పెట్టాడు. ఉప్పు వెయ్యడం మర్చిపోయాడు, ఆ సంగతి ఎవరూ కనిపెట్టలేదు.

రెండో రోజు పొద్దుగూకే ముందు బల్ల మీద గుండీలు ముప్పై ఒకటి అయ్యాయి. రెండు మిగిలిపోయాయి. ముప్పై ఒకటో గుండీ దగ్గర "ఇదిగో గుమ్మం, ఇదిగో పొయ్యి" అని పాట ముగిసిపోతోంది. అంటే మధ్యలోవి ఎక్కడో పోయాయి.

"పంతొమ్మిదోది మంచు నాలుక కదా" అంది పిల్ల వేలితో కొలుస్తూ. "తర్వాత మీరు గొర్రెల దొడ్డి అన్నారు. అది పూటంతా నడిచే దూరం. అవ్వ మనిషిని అంత దూరం ఎక్కడా ఆపకుండా నడిపించదు."

టైపమ్మ మళ్ళీ పాడింది. మంచు నాలుక దాటగానే కాలు దానంతటదే పెడల్ మీంచి లేచింది. మళ్ళీ ప్రయత్నిస్తే మళ్ళీ లేచింది. అప్పుడు అర్థమైంది.

"అక్కడ టక్కుమని శబ్దం ఉండేదమ్మా. క్యాసెట్ మొదటి వైపు అక్కడికి అయిపోతుంది. పెద్దసారు తీసి, తిప్పి, మళ్ళీ పెట్టేసరికి మీ అవ్వ ఆగకుండా పాడుకుంటూ పోయింది. ఏడు క్యాసెట్లలోనూ అంతే. ఆ రెండు మజిలీలూ టేపులోకి ఎక్కనే లేదు. ఎవరూ రాసుకోలేదు."

పిల్ల ఆ రెండు గుండీలనూ గుప్పిట్లో పెట్టుకుంది. ఏడవలేదు. "ఉన్నవాటితో పాడతాను పెద్దమ్మా. అక్కడికొచ్చాక ఏం చెయ్యాలో అక్కడే చూస్తా" అంది. ముప్పై ఒక్క మజిలీలు టైపు కొట్టిన కాగితాలు మడిచి సంచిలో పెట్టుకుని తెల్లారే బస్సెక్కింది.

ఎనిమిదో రోజు పొద్దున ఫోను మోగింది.

"పెద్దమ్మా, మొదలుపెడుతున్నా. ఫోను పక్కనే పెడతాను, మీరు వింటూ ఉండండి. నాకు ధైర్యంగా ఉంటుంది."

టైపమ్మ ఫోనుకు హెడ్‌ఫోన్ తగిలించుకుంది. టైపు మిషనులో కాగితం ఎక్కించింది. పెట్టే పెడలూ అప్పటికే మళ్ళీ అటకెక్కాయి. ఊలు సంచి అందనంత దూరంగా, అవతలి గదిలో పెట్టించింది. మొగుడు గుమ్మానికి ఆనుకుని నిలబడ్డాడు.

పిల్ల పాట ఎత్తుకుంది. పొగరాయి, కుంటి మలుపు, నక్కబొరియ. టైపమ్మ ప్రతి మజిలీకి నాలుగు ముక్కలూ కొట్టింది. లేచి రా, కొట్టింది. చెప్పులు తొడుక్కో, కొట్టింది. వేళ్ళు నొప్పెట్టినా నాలుగూ కొట్టింది. నేల మీద రాయి పెట్టిన చప్పుడు ప్రతిసారీ వినబడుతోంది. పెట్టేది ఎవరో తెలియదు.

పంతొమ్మిది. మంచు నాలుక దాటావు, ఇంకొంచెమే దూరం.

పిల్ల ఆగింది. ఊపిరి పీల్చుకుంది. "లేచి రా, చెప్పులు తొడుక్కో, గొర్రెల దొడ్డి..."

"కాదు."

ఎవరిదో గొంతు. తుప్పు పట్టిన తలుపు తెరిచినట్టుంది.

"చీమల మెట్టు ఏదే?" అంది ఆ గొంతు. "దాని తర్వాత దొంగ ఊట. నీళ్ళు కూడా తాగనివ్వకుండా ఎక్కడికే నన్ను నడిపించుకుపోతున్నావు? నాలుక పిడచగట్టుకుపోతోంది ఇక్కడ."

పిల్ల వెక్కిళ్ళు వినబడ్డాయి, గ్లాసు కిందపడిన చప్పుడు, "ఇదిగో అమ్మా, ఇదిగో నీళ్ళు" అన్న మాటలు. గుటకలు వేస్తున్నది ఫోనులోంచి స్పష్టంగా వినబడింది. ఆ గుటకల మధ్యే ఆ గొంతుకు కోపం వచ్చింది.

"ఎవరే నీకు ఇలా నేర్పింది? ఆ రెండూ ఎగ్గొట్టింది ఎవరు?"

నిజానికి ఆ రెండూ ఎగ్గొట్టింది క్యాసెట్. టైపమ్మ ఆ మాట చెప్పుకోవచ్చు. చెప్పుకోలేదు.

"నేనేనమ్మా" అంది ఫోనులోకి.

"నువ్వెవరు?"

"పాట టైపు కొట్టినదాన్ని."

నేల మీద ఒక రాయి పెట్టిన చప్పుడు.

"అయితే రాసుకో" అంది తల్లి. "చీమల మెట్టు."

టైపమ్మ కాలు బల్ల కింద లేని పెడల్ కోసం వెతికింది, మనిషిని ఒక్క క్షణం ఆపి ఉంచడానికి. పెడల్ లేదు, తల్లి ఆగలేదు. లేచి రా అంటూ ఆ మజిలీని మొదటినుంచీ తనే పాడటం అందుకుంది. టైపమ్మ కొట్టడం మొదలుపెట్టింది.